విదేశీ సీరియల్‌ను తెలుగింటికి తేవడం: గోదావరి డెల్టా నుంచి టీవీ పంపిణీ వృత్తిలోకి వచ్చేవారికి సమగ్ర మార్గదర్శి

గోదావరి జిల్లాల్లో ఈస్టు, వెస్టు అంటే సినిమా ఏరియాలని చిన్నపిల్లలకూ తెలుసు. నైజాం, సీడెడ్, ఉత్తరాంధ్ర, ఈస్టు, వెస్టు, కృష్ణా, గుంటూరు, నెల్లూరు అని మన సినిమా వ్యాపారం నేలను పంచుకుంది. 2022 ఏప్రిల్‌లో కోనసీమ, కాకినాడ, ఏలూరు వేరు జిల్లాలయ్యాయి గాని, వసూళ్ళ లెక్కల్లో ఇప్పటికీ ఈస్టు, వెస్టు అలాగే నిలిచాయి. ఒక సినిమాను ఎనిమిది ముక్కలు చేసి ఒక్కో ముక్కను ఒక్కో ధరకు, ఒకచోట ఔట్‌రేటుకు (లాభనష్టాలు కొన్నవాడివే అని ఒకే మొత్తానికి), మరోచోట మినిమమ్ గ్యారంటీ మీద (కనీసం ఇంత వస్తుందన్న హామీతో), ఇంకోచోట కమీషన్ మీద ఇవ్వవచ్చని ఈ ప్రాంతంలో చాలామంది చదువుతో పనిలేకుండానే నేర్చుకున్నారు. విదేశీ టీవీ కార్యక్రమాలను కొని తెలుగులోకి తెచ్చి, చానళ్ళకూ ఓటీటీలకూ అమ్మే వృత్తికి ఇదే తొలి పాఠం. 1936లో నిడమర్తి సూరయ్య రాజమండ్రిలో దుర్గా సినీటోన్ స్టూడియో పెట్టినప్పటి నుంచి ఈ నేలకు తెరతో సంబంధం ఉంది. ఆ సంబంధం థియేటరు దగ్గరే ఆగిపోవడం నాకు బాధ కలిగిస్తుంది. టీవీ హక్కుల వ్యాపారంలోకి మన కుర్రాళ్ళూ అమ్మాయిలూ ధైర్యంగా రావాలన్న కోరికతో ఇది రాస్తున్నాను.

ఈ పనిలో మూడు పాత్రలున్నాయి. విదేశీ కార్యక్రమం హక్కులు కొనే కొనుగోలుదారు ఒకరు. దాన్ని తెలుగులోకి మార్పించే నిర్మాత ఒకరు. తయారైనదాన్ని అమ్మే పంపిణీదారు మరొకరు. మొదటి కొన్నేళ్ళు ఈ మూడూ ఒక్కరే చేయవలసి వస్తుంది.

మొదటి అడుగు: పని నేర్చుకునే చోటు

డిగ్రీ ఏదైనా పర్వాలేదు. డబ్బు పెట్టే ముందు ఎక్కడైనా ఉద్యోగం చేయాలి. హైదరాబాదులో చానళ్ళ ప్రోగ్రామింగ్ విభాగం ఒక బడి. డబ్బింగ్ స్టూడియో మరో బడి. మన ఊళ్ళ కేబుల్ ఆపరేటర్ల స్థానిక చానల్ మూడోది. ఒక్కటే ఎంచుకోమంటే డబ్బింగ్ స్టూడియోలో కోఆర్డినేటర్ ఉద్యోగాన్నే ఎంచుకోమంటాను. విదేశం నుంచి వచ్చిన ఫైలులో ఏమేమి లోపాలుంటాయో, ఒక ఎపిసోడు తయారవడానికి నిజంగా ఎన్ని రోజులు పడుతుందో, ఖర్చు ఎక్కడ జారిపోతుందో అక్కడే కంటికి కనిపిస్తుంది. తర్వాత చానల్లో చేరితే షెడ్యూలు వేయడం, ఏ కార్యక్రమాన్ని ఎందరు చూశారో కొలిచే సంస్థ బార్క్ వారం వారం గురువారం ఇచ్చే రేటింగులు చదవడం వస్తాయి. కాకినాడ నుంచి గౌతమి, నరసాపురం నుంచి నరసాపూర్ ఎక్స్‌ప్రెస్ రాత్రి ఎక్కితే తెల్లవారేసరికి హైదరాబాదు. అందుకే నేర్చుకునే రోజులు అక్కడ గడిపి, ఆ తర్వాత ఆఫీసు రాజమండ్రిలోనో భీమవరంలోనో పెట్టుకోవడం సాధ్యమే. ఉత్తరాలు, ఫైళ్ళు, ఒప్పందాలు అన్నీ ఇప్పుడు ఇంటర్నెట్ మీదే నడుస్తున్నాయి.

ఉద్యోగంలో ఉండగానే 1957 నాటి కాపీరైట్ చట్టాన్ని స్వయంగా చదవండి. హక్కుల బదిలీ గురించిన 18, 19 సెక్షన్లు, లైసెన్సుల గురించిన 30, 30ఏ, కళాకారుల హక్కుల గురించిన 38 బాగా అర్థమయ్యేదాకా వదలవద్దు. వకీలును పెట్టుకున్నా సరే, ఏమి అడగాలో తెలియాల్సింది మీకే.

రెండో అడుగు: ఏది కొనాలి

విదేశీ కార్యక్రమం మనకు కొత్త కాదు. 2006లో దూరదర్శన్ కొరియా సీరియళ్ళను హిందీలో చూపించింది. 2014లో పాకిస్తానీ సీరియళ్ళతో మొదలైన జిందగీ చానల్, 2015లో ఫెరిహా అనే టర్కీ సీరియల్‌ను తెచ్చింది. జంతువుల కార్యక్రమాలను, పిల్లల కార్టూన్లను తెలుగు ఆడియోతో చూసి పెరిగిన తరం ఇప్పుడు ఉద్యోగాల్లో ఉంది. అందువల్ల తెలుగువాళ్ళు చూస్తారా అనే ప్రశ్న దగ్గర ఆగకండి. ఏ వేళకు, ఏ తెర మీద, ఎన్నాళ్ళు చూస్తారన్నది తేల్చుకోండి.

ఇక్కడ లెక్క కట్టాలి. మన దేశంలో చానల్ గంటకు 12 నిమిషాలకు మించి ప్రకటనలు వేయకూడదన్నది నియమం. ప్రకటనలు, టైటిళ్ళు పోను అరగంట స్లాటుకు మీరు ఇవ్వవలసిన కథ సుమారు 22 నిమిషాలు. 16 ఎపిసోడ్ల కొరియా సీరియల్‌ను ఎపిసోడుకు 65 నిమిషాల చొప్పున తీసుకుంటే మొత్తం 1,040 నిమిషాలు. దాన్ని 22 నిమిషాల ముక్కలు చేస్తే 47 ఎపిసోడ్లు వస్తాయి. వారానికి ఆరు రోజులు వేసే చానల్లో ఎనిమిది వారాలకే అయిపోతుంది. ప్రేక్షకులు పాత్రల పేర్లు గుర్తు పెట్టుకునేసరికి కథ ముగుస్తుంది. ప్రైమ్ టైము చానల్ వాళ్ళు దీనికి ఒప్పుకోకపోవడానికి అసలు కారణం ఇదే. అదే ఎగుమతి కోసం 45 నిమిషాల చొప్పున కత్తిరించిన, 200 ఎపిసోడ్ల టర్కీ సీరియల్ అయితే 9,000 నిమిషాలు. అంటే నాలుగు వందలకు పైగా అరగంటలు, ఏడాదికి మించిన ప్రసారం. కొరియా కథలు ఓటీటీకి, యూట్యూబుకు, మధ్యాహ్నం స్లాట్లకు. పొడుగాటి టర్కీ కుటుంబ కథలు రోజువారీ చానల్‌కు. ఇది నా స్థిరమైన అభిప్రాయం.

కథను ఎవరి చేత చూపించి పరీక్షించాలి? కోనసీమ నుంచి, నరసాపురం ప్రాంతం నుంచి కువైట్, మస్కట్ వెళ్ళి ఇళ్ళలో పనిచేసి వచ్చిన ఆడవాళ్ళు ఎందరో ఉన్నారు. 2008లో ఎంబీసీ చానల్ నూర్ అనే పేరుతో ఒక టర్కీ సీరియల్‌ను అరబిక్‌లో వేసినప్పుడు గల్ఫ్ దేశాలన్నీ దానికి అతుక్కుపోయాయి. ఇలాంటి సీరియళ్ళను అక్కడి ఇళ్ళలో చూసి వచ్చినవాళ్ళు మీ ఊళ్ళోనే దొరకవచ్చు. ఏ అత్తగారి పాత్ర మనవాళ్ళకు నచ్చుతుందో, ఏ కథ మూడో వారానికి చప్పబడుతుందో వాళ్ళు చెప్పే తీర్పు ఏ సర్వే కన్నా నమ్మదగింది. వాళ్ళ దగ్గరికి మర్యాదగా వెళ్ళండి, వాళ్ళ సమయానికి డబ్బు ఇవ్వండి.

మూడో అడుగు: హక్కు ఎవరి చేతిలో ఉంది

కార్యక్రమం తీసిన సంస్థ ఒకటి, ప్రసారం చేసిన చానల్ ఒకటి, విదేశాలకు అమ్మే ఏజెంటు వేరొకరు కావచ్చు. మొట్టమొదట అడగవలసింది ధర కాదు. "భారతీయ భాషల హక్కులు ఇంతకు ముందు ఎవరికైనా ఇచ్చారా? ఇస్తే ఏయే భాషలు, ఏ తేదీ వరకు?" అని రాతపూర్వకంగా అడగాలి. చాలాసార్లు ముంబయి సంస్థ ఏదో "అన్ని భారతీయ భాషలూ" అని ఒక్క మాటతో కొనేసి ఉంటుంది, అందులో తెలుగును అది వాడి ఉండదు. అప్పుడు మీ బేరం ఆ ముంబయి సంస్థతో. మీకు ఉప లైసెన్సు ఇచ్చే అధికారం వాళ్ళ ఒప్పందంలో ఉందో లేదో ఆ పేజీ చూపించమనండి. నిర్మాత నుంచి మీదాకా హక్కు చేతులు మారిన ప్రతి మెట్టుకూ కాగితం ఉండాలి. మధ్యలో ఒక్క మెట్టు లేకపోయినా బయానా ఇవ్వవద్దు.

అమ్మేవాళ్ళను కలవాలంటే సంతలున్నాయి. ఫ్రాన్సులోని కాన్ నగరంలో ఏటా అక్టోబరులో మిప్‌కామ్ జరుగుతుంది. 1963లో మొదలై అక్కడే వసంతకాలంలో జరిగే మిప్‌టీవీ 2024తో ఆగిపోయింది, దాని స్థానంలో 2025 ఫిబ్రవరి నుంచి లండన్‌లో సంత పెడుతున్నారు. కొత్తవాళ్ళకు నేను చెప్పేది సింగపూరులో డిసెంబరులో జరిగే ఏషియా టీవీ ఫోరం. దగ్గర, ఖర్చు తక్కువ, కొరియా, జపాన్, టర్కీ అమ్మకందారులు అక్కడికీ వస్తారు. వెళ్ళే ముందు నెలరోజుల నుంచే ఉత్తరాలు రాసి, అరగంట చొప్పున సమయాలు ఖాయం చేసుకోండి. తెలుగు మాట్లాడేవాళ్ళు ఎందరు, ఏయే చానళ్ళున్నాయి, ఏ వేళకు ఏమి నడుస్తుంది అన్నది ఒక్క పేజీలో రాసి తీసుకువెళ్ళండి. అవతలివాళ్ళకు భారతదేశమంటే హిందీయే తెలిసి ఉంటుంది. తెలుగు వేరే మార్కెట్టని వాళ్ళకు అర్థమయ్యేలా చెప్పగలగడమే మీ మొదటి విజయం.

నాలుగో అడుగు: ఒప్పందం

డెల్టాలో పుట్టినవాళ్ళకు కౌలు సంగతి చెప్పనక్కర్లేదు. భూమి రైతుదే ఉంటుంది, కౌలుదారుకు ఇన్నేళ్ళు, సార్వా ఒకటేనా దాళ్వా కూడానా అన్నది ముందే తేలుతుంది. గట్టు మీది కొబ్బరికాయలు ఎవరివో మాట్లాడుకోకపోతే ఆ గొడవ అప్పుడే మొదలవుతుంది. టీవీ లైసెన్సు అచ్చం ఇదే. అందులో కొబ్బరి చెట్లన్నీ చివరి పేజీల్లో, చిన్న అక్షరాల్లో ఉంటాయి. అందుకే చివరి పేజీ నుంచి చదవడం మొదలుపెట్టండి.

భాష, ప్రాంతం విడివిడిగా చూడాలి. "భారతదేశంలో తెలుగు" అని రాస్తే అమెరికాలో, గల్ఫ్‌లో ఉన్న తెలుగువాళ్ళు చేజారిపోతారు. "ప్రపంచమంతటా తెలుగు భాష" అని అడగండి. అవతలివాళ్ళకు దాంతో పోయేదేమీ లేదు, అందుకని తరచు ఒప్పుకుంటారు. తర్వాత మాధ్యమం: ఉపగ్రహ చానల్, కేబుల్, చందా ఓటీటీ, ప్రకటనలతో నడిచే ఉచిత ఓటీటీ, యూట్యూబు. ఒక్కొక్కటీ పేరుతో రాయించండి. "అన్ని మాధ్యమాలూ" అన్న మాట వినడానికి ఘనంగా ఉంటుంది, వివాదం వచ్చినప్పుడు నిలబడదు.

కాలం ఎప్పటి నుంచి మొదలవుతుందన్నది చాలామంది పట్టించుకోరు. సంతకం పెట్టిన రోజు నుంచి మూడేళ్ళంటే, ఫైళ్ళు రావడానికి, డబ్బింగుకు, చానల్ ఒప్పుకోవడానికి అందులో గణనీయమైన భాగం కరిగిపోతుంది. మెటీరియల్ అంతా అంది, దాన్ని మీరు పరీక్షించి సరేనన్న తేదీ నుంచి, లేదా మొదటి ప్రసారం నుంచి కాలం లెక్కించమని పట్టుబట్టండి. మన కాపీరైట్ చట్టం ప్రకారం కాలం రాయకపోతే ఐదేళ్ళుగా, ప్రాంతం రాయకపోతే భారతదేశమంతా అని భావిస్తారు. హక్కు పొందినవారు ఏడాదిలోగా దాన్ని వాడకపోతే, ఒప్పందంలో వేరుగా రాసుకుంటే తప్ప అది రద్దవుతుంది. ఈ ఒక్క ఏడాది గడువు నిబంధనకు మినహాయింపు తప్పక రాయించుకోండి.

ప్రసారాల సంఖ్య కూడా కాగితం మీదికి రావాలి. ఒక ప్రసారమంటే మరుసటి రోజు ఉదయం, మధ్యాహ్నం వేసే పునఃప్రసారాలు కలిపి ఒక్కటేనని ఉంటేనే మన చానళ్ళ అలవాటుకు సరిపోతుంది. ఏకైక హక్కు ఇచ్చామంటూనే అదే సీరియల్‌ను ఆంగ్ల ఉపశీర్షికలతో వేరే ఓటీటీకి అమ్మే వీలు ఉంచుకుంటారు. అలా అమ్మకుండా ఎన్ని నెలలు ఆగాలో రాయించండి. 65 నిమిషాల ఎపిసోడును ముక్కలు చేసే ఎడిటింగ్ హక్కు, ఉప లైసెన్సు ఇచ్చే హక్కు, తర్వాతి సీజన్‌ను ముందుగా మీకే చూపించే షరతు కూడా ఉండాలి.

అన్నిటికన్నా విలువైనది తెలుగు ఆడియో యాజమాన్యం. లైసెన్సు ముగియగానే మీరు ఖర్చు పెట్టి చేయించిన డబ్బింగ్ ఉచితంగా తమదవుతుందని విదేశీ సంస్థలు రాసుకుంటాయి. పూర్తిగా కాదనిపించలేకపోయినా, తర్వాత వేరెవరైనా ఆ తెలుగు ఆడియో వాడుకుంటే మీకు ఇంత చెల్లించాలన్న షరతు రాయించండి. ఇది లేని ఒప్పందం మీద నేనైతే సంతకం పెట్టను.

ఐదో అడుగు: డబ్బు పంపడం

విదేశీయులు "పన్నులన్నీ పోను మా చేతికి ఇంత" అని అడుగుతారు. రాయల్టీ పంపేటప్పుడు మనం ఇక్కడే పన్ను కోసి కట్టాలి. 2023 ఫైనాన్స్ చట్టం ఈ రేటును 10 నుంచి 20 శాతానికి పెంచింది. అయితే ఒకే ఆదాయం మీద రెండు దేశాల్లోనూ పన్ను పడకుండా మన దేశంతో ద్వంద్వ పన్నుల ఒప్పందం ఉన్న దేశాలకు అందులోని రేటు వర్తిస్తుంది: కొరియాకు, జపానుకు 10 శాతం, టర్కీకి 15. ఆ లాభం కావాలంటే అవతలి సంస్థ తన దేశపు పన్ను నివాస ధ్రువపత్రం ఇవ్వాలి. అది చేతికి వచ్చాకే మొదటి వాయిదా పంపండి.

చేతికి 10 లక్షలు కావాలన్న కొరియా సంస్థకు మీ అసలు ఖర్చు 11,11,111 రూపాయలు. టర్కీ సంస్థకైతే 11,76,471. దాని మీద విదేశీ సేవను దిగుమతి చేసుకున్నందుకు రివర్స్ చార్జి పద్ధతిలో 18 శాతం జీఎస్టీ మీరే కట్టాలి. కొరియా లెక్కలో అది సుమారు రెండు లక్షలు. తర్వాత అమ్మకం మీద క్రెడిట్‌గా తిరిగి వస్తుంది గాని, అప్పటిదాకా రొక్కం ఇరుక్కుపోతుంది. వడ్డీకి తెచ్చిన డబ్బయితే ఈ నెలలు ప్రాణం తీస్తాయి. ఒప్పుకున్న మొత్తాన్ని సంతకానికి కొంత, మెటీరియల్ అందాక కొంత, మొదటి ప్రసారానికి మిగతాది అని మూడు వాయిదాలుగా విడగొట్టండి. చార్టర్డ్ అకౌంటెంటుతో, బ్యాంకు విదేశీ మారకపు విభాగంతో ఒప్పందానికి ముందే కూర్చోండి.

ఆరో అడుగు: మెటీరియల్, డబ్బింగ్

అడగవలసినవి: అక్షరాలేమీ లేని శుభ్రమైన చిత్రం, మాటలు తీసేసి సంగీతం, శబ్దాలు మాత్రమే ఉంచిన ట్రాక్, మూల భాషలోనూ ఆంగ్లంలోనూ సంభాషణల పట్టిక, సంగీతం వివరాల క్యూ షీటు, ప్రచారానికి ఫొటోలు. వీటిలో సంగీతం, శబ్దాల ట్రాక్ లేకపోతే తలుపు చప్పుడు నుంచి వాన దాకా అన్నీ కొత్తగా చేయించాలి, నేపథ్య సంగీతం వేరే కొనాలి. ఖర్చు అంచనా తలకిందులవుతుంది. ఒక ఎపిసోడు నమూనాగా తెప్పించి, హెడ్‌ఫోన్ పెట్టుకుని ఆ ట్రాక్ ఒక్కటే మొదటి నుంచి చివరి దాకా వినండి.

తెలుగు డబ్బింగ్‌కు గొప్ప వారసత్వం ఉంది. 1950లో వచ్చిన మొదటి తెలుగు డబ్బింగ్ చిత్రం ఆహుతికి మాటలు రాసింది శ్రీశ్రీ. అంతటి కవి పెదవుల కదలికకు లొంగి మాట కూర్చాడు. ఆ పనిని చిన్నచూపు చూసి, ఎపిసోడుకు ఇంత అని అతి తక్కువకు కుదిరే రచయితకు అప్పగించడం ఈ వ్యాపారంలో నేను సహించలేని విషయం. కథ బాగుండి, నటులు బాగుండి, "నేను నీ గురించి చింతిస్తున్నాను" లాంటి మాటలతో చచ్చిపోయిన సీరియళ్ళు ఎన్నో.

వరుసల సంగతి ముందే తేల్చండి. టర్కీ భాషలో మేనత్తకు, పిన్నికి, మేనమామకు, బాబాయికి వేర్వేరు మాటలున్నాయి. ఆంగ్ల పట్టికలోకి వచ్చేసరికి ఆ తేడాలు పోతాయి. అందుకే మూల భాషలో పట్టిక, ఆ భాష తెలిసిన ఒక మనిషి సాయం అవసరం. మరో ప్రమాదం: మేనమామ కొడుకును "బావ" అని పిలిపిస్తే మన ప్రేక్షకులు ఆ ఇద్దరికీ పెళ్ళి ఖాయమనుకుంటారు. కొరియా కథలో ఆ ఊహే ఉండదు, కథ తప్పుదారి పట్టినట్టవుతుంది. మొదటి ఎపిసోడు రాయకముందే కుటుంబ వృక్షం గీసి, ఎవరు ఎవరిని ఏమని పిలవాలో, ఎవరిని మీరు, ఎవరిని నువ్వు అనాలో ఒక పట్టిక వేసి రచయితకు, డబ్బింగ్ ఇన్‌ఛార్జికి ఇవ్వండి.

భాష స్థాయి మరో పెద్ద నిర్ణయం. నూర్‌ను గ్రాంథిక అరబిక్‌లో కాకుండా సిరియా వాడుక భాషలో డబ్ చేశారు, అది దాని విజయానికి ఒక ముఖ్య కారణం. మనకూ అదే వర్తిస్తుంది. ఇంట్లో మాట్లాడే తెలుగు రాయించండి. నవ్వించే పనివాడికి మాత్రం గోదావరి యాస పెట్టే అలవాటును దయచేసి వదలండి. మన యాసలో హాస్యం ఒక్కటే కాదు, కోపం, ప్రేమ, దుఃఖం కూడా పలుకుతాయి.

రచయిత దగ్గర, ప్రతి గొంతు కళాకారుడి దగ్గర హక్కుల పత్రం సంతకం చేయించండి. ముఖ్య పాత్ర గొంతు మొదటి నుంచి చివరి దాకా ఒక్కరిదే ఉండేలా ముందే మాట తీసుకోండి. 45 నిమిషాల ఎపిసోడును రెండు చేసేటప్పుడు 22వ నిమిషం దగ్గర యాంత్రికంగా కోయకుండా, 19వ నిమిషంలో తలుపు తెరుచుకునే చోటు ఉంటే అక్కడే ఆపండి. మర్నాటి ప్రేక్షకులు ఆ తలుపు దగ్గరే దొరుకుతారు.

ఏడో అడుగు: నియమాలు

విదేశీ సినిమా అయితే టీవీలో వేయడానికి సెన్సారు సర్టిఫికెట్ కావాలి, హైదరాబాదులో ప్రాంతీయ కార్యాలయం ఉంది. సీరియల్‌కు అది అక్కర్లేదు గాని, టీవీలో ఏమి చూపకూడదో చెప్పే, 1994 కేబుల్ నియమాల్లోని ప్రోగ్రామ్ కోడ్‌కు లోబడాలి. పొగతాగే దృశ్యాలకు హెచ్చరిక తప్పనిసరి. ఓటీటీలో 2021 ఐటీ నియమాల ప్రకారం యూ, యూ/ఏ 7+, 13+, 16+, ఏ అని వయసు గుర్తు వేయాలి.

ఎనిమిదో అడుగు: అమ్మకం

చానల్ వాళ్ళు ఎపిసోడుకు ఇంత అని లైసెన్సు రుసుము ఇవ్వవచ్చు. లేదా స్లాటు మీరే కొని, అందులోని ప్రకటనల సమయాన్ని అమ్ముకోవచ్చు. రెండోదానిలో లాభం ఎక్కువ, నష్టం ఇంకా ఎక్కువ. ప్రకటనలు తెచ్చే మనుషులు లేకుండా అటు వెళ్ళకండి. వరుస కూడా ముఖ్యం: యూట్యూబులో ముందే పెట్టినదాన్ని చానల్ కొనదు. ముందు చానల్, తర్వాత ఓటీటీ, చివర యూట్యూబు. యూట్యూబులో పెట్టే రోజుకు, ఏ వీడియో ఎవరిదో గుర్తించే యూట్యూబు వ్యవస్థ అయిన కంటెంట్ ఐడీలో తెలుగు హక్కులు మీ పేరున నమోదయ్యేలా అసలు యజమానితో మాట్లాడి ఉంచండి. లేకపోతే మీ వీడియో ఆదాయం వాళ్ళ ఖాతాకు పోతుంది.

మన ఊళ్ళ కేబుల్ చానళ్ళు చిన్నవే గాని, మొదటి సరుకు పరీక్షకు మంచి చోట్లు. అమలాపురంలో, పాలకొల్లులో, తణుకులో ఒక డాక్యుమెంటరీ వరుస వేయించి, ఆపరేటర్ల దగ్గరికి వచ్చే ఫోన్లను బట్టి చాలా నేర్చుకోవచ్చు. హక్కుల పత్రం నకలు ఆపరేటరుకు ఇచ్చి రసీదు తీసుకోండి. హక్కు లేకుండా వేసే అలవాటున్న చోట కాగితంతో వచ్చిన మనిషికి గౌరవం పెరుగుతుంది.

తొమ్మిదో అడుగు: నిర్మాతగా ఎదగడం

డబ్బింగ్ తర్వాతి మెట్టు ఫార్మాట్, అంటే విదేశీ కార్యక్రమం నమూనాను కొని తెలుగులో కొత్తగా తీయడం. బ్రిటన్‌లో 1998లో మొదలైన ప్రశ్నల ఆట 2000లో హిందీకి, 2014లో మీలో ఎవరు కోటీశ్వరుడుగా తెలుగుకు వచ్చింది. 1999లో నెదర్లాండ్స్‌లో పుట్టిన బిగ్ బ్రదర్ 2017లో తెలుగు బిగ్ బాస్ అయింది. ఆలోచనకు కాపీరైట్ లేదని 1978లో ఆర్.జి. ఆనంద్ కేసులో సుప్రీం కోర్టు చెప్పింది కదా, మరి డబ్బెందుకు అని అడుగుతారు. ఫార్మాట్ కొంటే ఆలోచనతో పాటు నియమావళి గ్రంథం, సెట్ నమూనాలు, సంగీతం, గ్రాఫిక్స్, ఇతర దేశాల్లో ఏది ఎందుకు చెడిందో చెప్పే సలహాదారు వస్తారు. పేరు వాడుకునే హక్కు వస్తుంది. పెద్ద ఫార్మాట్లు పెద్ద సంస్థలవే. మీరు వంటల పోటీలు, పిల్లల విజ్ఞాన కార్యక్రమాలు, ఇళ్ళ మరమ్మతు ఆటల వంటి చిన్నవాటి కోసం చూడండి. స్టూడియో అద్దె లేకుండా కాలువ గట్ల మీద, కొబ్బరి తోటల్లో తీయగలిగినది ఎంచుకుంటే ఖర్చులో మీకున్న మేలు హైదరాబాదు నిర్మాతకు ఉండదు.

ఫార్మాట్ లైసెన్సు తీసుకునేటప్పుడు మీరు తెలుగులో చేసిన మార్పులు ఎవరివన్నది అడగండి. చాలా ఒప్పందాల్లో అవి అసలు యజమానికి పోతాయి. వాటిలో ఏదైనా మరో దేశంలో వాడుకుంటే మీ సంస్థ పేరు, కొంత వాటా రావాలని మొదటి ముసాయిదాలోనే రాసి పంపండి.